తిట్లతో సహా

తెర మీద గొర్రెలు ఇంకా పూర్తిగా మలుపు తిరగనే లేదు, ఫైర్ స్టేషన్ హాల్లో వెనక బెంచీ నుంచి ఎవరో పెద్దగా అనేశారు: "ఇవి క్లీమెక్ గంటలు కావే!"

లూద్వీనాకి ఒక్క క్షణం అర్థం కాలేదు. ఆమె తెర చూడటం లేదు, పక్కనే కూర్చున్న నాన్న క్లీమెక్ మొహం చూస్తోంది. ఎందుకంటే ఈ సినిమా తీయనివ్వమని ఆయన్ని బతిమాలిందీ, బుజ్జగించిందీ, చివరికి అలిగి రెండు రోజులు మాట్లాడటం మానేసి ఒప్పించిందీ తనే. జాగ్రోన్ ఊరికి క్లీమెక్ బాత్సా. అంటే ఊళ్ళో అందరి గొర్రెల్నీ వసంతంలో కొండ మీదికి తోలుకెళ్ళి, వేసవంతా పాలు పితికి జున్ను కాచి, చలి మొదలయ్యేసరికి ఎవరి గొర్రెను వాళ్ళకి అప్పగించే పెద్ద కాపరి. వార్సా నుంచి కెమెరాలు మోసుకొచ్చిన ఒక్తావియన్ అనే కళ్ళజోడు డైరెక్టరు, "ఇది మీ నాన్నగారి సినిమా కాదండీ, అంతరించిపోతున్న ఒక లోకం సినిమా" అని కళ్ళ నీళ్ళు పెట్టుకుంటే లూద్వీనా కరిగిపోయింది. నోవీ తార్గ్ పట్నానికి మినీబస్సు నడిపే మనిషి, రోజుకి వందమంది మొండి ప్రయాణికుల్ని చూసే మనిషి, ఆ కన్నీళ్ళకి పడిపోయింది!

ఇప్పుడు చెవి పెట్టి విన్నది. తెర మీద నాన్న గొర్రెలే. ముందు నడిచేది ఆ నల్లచెవుల ఆడగొర్రే. కానీ గంటలు టింగు టింగుమని, గాజు గ్లాసులు ఒకదానికొకటి తగిలినట్టు, శుభ్రంగా, తియ్యగా మోగుతున్నాయి.

క్లీమెక్ మందకి ఆ మోత లేదు. ఆ మందలో అన్నిటికంటే పెద్ద గంట పేరు ముసలమ్మ. క్లీమెక్ తాత కాలంలోనే రాతి మీద పడి చిట్లింది. అది టింగుమనదు, 'డొక్' అంటుంది, ఎవరో దగ్గు ఆపుకుంటున్నట్టు. తాత దాన్ని పారెయ్యలేదు సరికదా, ఆ చిట్లిన గొంతుకి పొత్తు కుదిరే గంటల్ని సంత సంతా తిరిగి, చెవి దగ్గర మోగించి చూసుకుని, ఒక్కొక్కటే ఏరి తెచ్చాడు. పొగమంచులో చెయ్యి కనపడని రోజున కూడా ఆ డొక్ వినపడితే లోయలో ఎవరైనా సరే, క్లీమెక్ వెళ్తున్నాడు అంటారు. ఇక్కడ మంద అంటే ముందు మోత, తర్వాతే గొర్రెలు.

"ఆగండాగండి," అంటూ నడుమ వరసలోంచి వావ్‌జెక్ లేచాడు. వాగు అవతలి కొండకి బాత్సా. క్లీమెక్‌కీ ఆయనకీ పచ్చగడ్డి వేస్తే భగ్గుమంటుంది. తల ఒక పక్కకి వంచి, కళ్ళు మూసుకుని విన్నాడు. "అవి నావి! నా గంటలు!"

హాలంతా ఘొల్లుమంది.

"ఏం క్లీమెక్, అడిగితే వావ్‌జెక్ ఇవ్వడనా చెప్పకుండా పట్టుకెళ్ళావు?"

"పెళ్ళికి సూటు అరువు తెచ్చుకుంటారని తెలుసు గానీ, గొర్రెలకి గంటలు కూడానా!"

"అరువుగంటలోడా, ఆ టోపీ అయినా నీదేనా?"

అది చాలదన్నట్టు అప్పుడే తెరలోంచి ఒక గంభీరమైన గొంతు వినిపించింది: "తరతరాల మౌనాన్ని భుజాన మోస్తూ, కొండంత నిబ్బరంతో..." మిగతాది ఎవరికీ వినపడలేదు. క్లీమెక్ మౌనమట! ఆయన పాలు పితుకుతుంటే అవతలి కొండ మీద కుక్కలు లేచి నించుంటాయి. లూద్వీనా అమ్మ గెనోవెఫా కూడా ఉండబట్టలేక, "మౌనమా? పెళ్ళైన దగ్గర్నుంచీ నాకా భాగ్యం ఒక్క పూట కలగలేదే!" అనేసింది. అన్నాక మొగుడి మొహం చూసి నాలిక కరుచుకుంది.

క్లీమెక్ ఒక్క మాట అనలేదు. అందుకే భయం వేసింది లూద్వీనాకి. నోరు తెరిస్తే పిడుగులు రాల్చే మనిషి, లేచి, గవ్వల పట్టీ ఉన్న టోపీ తల మీద పెట్టుకుని, మధ్య దారిలోంచి నడుచుకుంటూ బయటికి వెళ్ళిపోయాడు. ముందు వరసలో ఒక్తావియన్ మాత్రం వెనక్కి తిరిగి అందరికీ చేతులు జోడిస్తున్నాడు. ఈ గోలంతా సినిమా నచ్చడం వల్లే అనుకున్నాడు పాపం. పాపమేంటి, తల పగలగొట్టాలి!

జాగ్రోన్ సంగతి తెలియనివాళ్ళకి ఇది ఒక రాత్రి నవ్వుతో పోయేదే కదా అనిపిస్తుంది. పోదు. ఊళ్ళో సగం మందికి ఒకటే ఇంటిపేరు, అందుకని పోస్టుమాన్ దగ్గర్నుంచి ఫాదర్ దాకా అందర్నీ ఎగతాళి పేర్లతోనే గుర్తుపడతారు. ఆ పేరు ఒకసారి అంటుకుందంటే మనవళ్ళ సమాధుల మీద కూడా చెక్కుతారు. ఎప్పుడో బిషప్పుగారి ముందు వాగులో జారిపడ్డ పెద్దమనిషి ముని మనవడు ఇవాళ పట్నంలో పళ్ళ డాక్టరు. బోర్డు మీద ఎన్ని డిగ్రీలు రాసుకున్నా మనవాళ్ళకి మాత్రం 'తడిప్యాంటు డాక్టరు'. క్లీమెక్ తాత ఆ చిట్లిన గంట వల్ల 'ముసలమ్మ వాళ్ళు' అనే పేరు సంపాదించాడు, అది వాళ్ళకి గర్వం. ఇప్పుడు ఆ పేరు మీద ఇంకోటి పడబోతోంది. పైగా వచ్చే ఆదివారం ఈ సినిమా టీవీలో వస్తుంది. లోయ లోయంతా చూస్తుంది.

మర్నాడు పొద్దున మొదటి బస్సులోనే తెలిసింది, పేరు ఎంత త్వరగా అంటుకుంటుందో. చర్చి దగ్గర ఎక్కిన ఒక ముసలావిడ, పాపం ఏ కల్మషం లేకుండా, టికెట్ తీసుకుంటూ అడిగింది: "నువ్వు ఆ అరువుగంటల వాళ్ళ అమ్మాయివే కదమ్మా?"

లూద్వీనా బ్రేకు మీద కాలు అలా నొక్కేసింది. వెనక ఒకాయన పాల క్యాను బోర్లా పడింది.

"కాదు పెద్దమ్మా! ముసలమ్మ వాళ్ళ అమ్మాయిని!"

"అదే, అదే, ఆ క్లీమెక్ కూతురివేగా. రాత్రి నుంచి అందరూ అలాగే అంటుంటేనూ..."

"అందరూ ఎవరు?"

"అందరూనమ్మా. నువ్వు బండి పోనీ, నాకు కళ్ళ డాక్టరు దగ్గర టైమైపోతోంది."

ఆఖరి స్టాపులో బండి ఆపి ఒక్తావియన్‌కి ఫోన్ చేసింది. ఆయన గొంతులో పండగ.

"లూద్వీనా గారూ! నిన్న ఎంత అద్భుతం! ఏం జనం, ఏం ప్రాణం! నేను రాత్రి నిద్రపోలేదు తెలుసా?"

"గంటలెందుకు మార్చారు?"

"ఏవండీ?"

"గంటలు. మా నాన్న మంద మీద వావ్‌జెక్ గంటలు ఎందుకేశారు?"

"ఓ, అదా! ఆ రోజు సౌండ్ పనికి రాలేదండి. గాలి. విపరీతమైన గాలి. మర్నాడు అవతలి కొండ మీద చక్కటి సౌండ్ దొరికింది, అదే కాలం, అదే వెలుతురు... గంట గంటే కదండీ. ముఖ్యమైంది భావం."

"గంట గంటేనా? మీ అమ్మ ఫొటో ఉన్న చోట మా అమ్మ ఫొటో పెడతాను, అమ్మ అమ్మే కదా!"

"మీరు కోపంలో ఉన్నారు. నాకు అర్థమవుతుంది."

అర్థమవుతుందట! తిట్టినా పడతారు గానీ, అర్థమవుతుందని ఎవరైనా అంటే లూద్వీనాకి ఒళ్ళు మండిపోతుంది. ఫోన్ పెట్టేసింది.

ఇంటికొచ్చేసరికి క్లీమెక్ కొట్టంలో ఉన్నాడు. చలికాలానికి గంటలన్నీ దూలానికి వరసగా వేలాడదీసి, ఒక్కొక్కటే దించి, తోలు పట్టీలకి కొవ్వు రాస్తున్నాడు. ముసలమ్మ ఆయన ఒళ్ళో ఉంది. నాలుక మోగకుండా గుడ్డ చుట్టాడు. రాత్రి నుంచి ఇంట్లో ఎవరితోనూ మాట్లాడలేదని అమ్మ చెప్పింది. "ఇన్నేళ్ళూ నోరు ముయ్యండి ముయ్యండి అన్నాను, ఇప్పుడు మూస్తే నాకే కాళ్ళూ చేతులూ ఆడట్లేదు," అంది.

"నాన్నా, మందని దించిన రోజు గాలి బాగా వీచిందా?"

క్లీమెక్ తలెత్తకుండానే అన్నాడు: "ఏ గాలి? ఆకు కదల్లేదు."

"గాలి వల్ల సౌండ్ పాడైందంటున్నాడు."

క్లీమెక్ దగ్గాడు. పట్టీ మీద ఇంకాస్త కొవ్వు రాశాడు, రాసిన చోటే.

"నాన్నా?"

"ఏదో... రెండు మాటలన్నాలే."

"ఎవర్ని?"

"ఆ ఎగిరే కెమెరాని. ఆ ఈగముండని. నెత్తి మీదకి వచ్చేసింది. గొర్రెలు బెదిరి గండి వైపు పరిగెత్తాయి. నల్లచెవులది ఆ అంచున జారింది. మరి అనమా?"

"రెండు మాటలేనా?"

"రెండో, మూడో. మధ్యలో ఊపిరి తీసుకున్నాగా."

ఆ రోజు లూద్వీనాకి డ్యూటీ, కొండ మీద లేదు. సాయంత్రం వస్తే నాన్న ఏమీ చెప్పలేదు. ఒక్తావియన్ మాత్రం "అద్భుతమైన రోజు, అద్భుతమైన రోజు" అంటూ అమ్మ చేసిన పుల్లకూర సూపు రెండుసార్లు వడ్డించుకుని తాగాడు. తాగిన ఆ గిన్నె ఇప్పుడు గుర్తొస్తే గిన్నె మీద కూడా కోపం వచ్చింది.

సెలవు రోజున పాత స్కోడా తీసుకుని క్రాకూవ్ వెళ్ళింది. సినిమాకి సౌండ్ కలిపే స్టూడియో ఒక పాత భవనంలో, బేకరీ పైన. అక్కడ యాగోదా అనే అమ్మాయి ఉంది, సౌండ్ ఎడిటరు. కొండ మీదకి ఎప్పుడూ రాలేదు గానీ, నెలల తరబడి క్లీమెక్ మందనే చెవుల్లో పెట్టుకుని కూర్చున్న మనిషి. లూద్వీనా పేరు చెప్పగానే కుర్చీలోంచి లేచిపోయింది.

"మీరు ఆయన కూతురా? ఆ రోజు సౌండ్ విందామని వచ్చారా?"

"గాలేగా ఉంది దాన్లో?"

యాగోదా తలుపు వైపు చూసింది. "గాలి లేదండీ. నేను మార్చొద్దనే అన్నాను. మీరు కూర్చోండి. కూర్చుంటేనే మంచిది."

హెడ్‌ఫోన్స్ పెట్టుకుంది లూద్వీనా. ముందు గడ్డిలో కాళ్ళ చప్పుడు. తర్వాత దూరంగా, పైనుంచి కిందికి దిగి వస్తున్నట్టు, గంటలు. వాటి నడుమ డొక్. డొక్. ముసలమ్మ. పుట్టిన దగ్గర్నుంచి విన్నదే, అయినా వెంట్రుకలు నిక్కబొడుచుకున్నాయి. అంతలో జుయ్యిమంటూ డ్రోన్. గంటలన్నీ ఒక్కసారిగా చెదిరిపోయాయి, ఎవరో పళ్ళెం నిండా చెంచాలు నేల మీద విసిరినట్టు. ఆ పైన నాన్న.

"నీ నెత్తిన పిడుగు పడ! దించరా దాన్ని! కుక్కనెత్తురోళ్ళారా, మిమ్మల్ని కలరా ఎత్తుకుపోనూ! ఒరే కళ్ళజోడోడా, నీ వార్సా మీద కొండ విరిగిపడా! నిన్ను కన్నదాన్నేమీ అనను, ఆవిడ చేసిన పాపమేంటి, నిన్ను చదివించినోడి చేతులు విరగా!" ఊపిరి తీసుకున్నాడు. అంతే, గొంతు మారిపోయింది. "రావే, రావే నల్లచెవులూ, నేనేగా, నీ మీద కాదే అరిచేది, రావే తల్లీ..." డొక్. ఒక్కటే డొక్, దగ్గరగా. మళ్ళీ: "నీ కెమెరా నీ నోట్లో మొలవా!" మళ్ళీ: "హై, హై, ఇటు, ఇటు..." డొక్, డొక్. చెదిరిన గంటలు ఒకటొకటిగా ఆ గొంతు చుట్టూ చేరుతున్నాయి. అవి ఆయన తిట్లు వింటూ పెరిగిన గొర్రెలు. తిట్టు వినపడితేనే వాటికి ఇల్లు వచ్చినట్టు.

అప్పుడు ఆ మాట వచ్చింది. మొత్తం తిట్లలోకీ నెమ్మదైన మాట.

"మా పిల్ల చెప్పిందనిరా మిమ్మల్ని కొండెక్కనిచ్చాను. మీరు దానికి మనుషుల్లా కనపడ్డారురా."

లూద్వీనా హెడ్‌ఫోన్స్ తీసి బల్ల మీద పెట్టింది. పెట్టిందా, కొట్టిందా అన్నట్టు.

అదే టైముకి ఒక్తావియన్ కాఫీ కప్పుతో లోపలికొచ్చాడు. ఆమెని చూసి, బల్ల మీద హెడ్‌ఫోన్స్ చూసి, యాగోదా వైపు చూశాడు.

"విన్నారా?" అన్నాడు నీరసంగా. "చూడండి లూద్వీనా గారూ, నేను మీ నాన్నగారిని కాపాడాను."

"ఎవర్నుంచి?"

"అంటే... జనం నుంచి. ఒక గొప్ప మనిషి, ఒక సంప్రదాయానికి ఆఖరి ప్రతినిధి, అలా బూతులు..."

"అవి బూతులు కాదు, తిట్లు! తేడా తెలియకపోతే మా కొండకెందుకొచ్చారు? గొర్రెల్ని చంపబోయింది మీరు. ఆయన తిట్టాడు. మీరు ఆ తిట్లు తీసేసి, మీ తప్పు తీసేసి, మా గంటలు కూడా తీసేసి, పైగా మౌనం అని పేరు పెట్టారు. ఆయనకి మౌనం అంటగట్టి మీరు మాట్లాడుతున్నారు!"

"ఈ సినిమా మ్యూజియంలో ఉంటుందండీ. వందేళ్ళ తర్వాత మీ మనవల మనవలు చూస్తారు."

"చూసి ఏమనుకుంటారు? మా ముత్తాత గొర్రెలు వావ్‌జెక్ గంటలు కట్టుకున్నాయనుకుంటారు! అంతకంటే మీరు రాకుండా ఉంటే, ఏమీ మిగలకపోయినా బాగుండేది. ఏమీ లేకపోవడం అబద్ధం కాదు కదా!"

ఒక్తావియన్ కప్పు కింద పెట్టాడు. నిజంగానే కళ్ళలో నీళ్ళు తిరిగాయి. ఆ నీళ్ళు చూసేసరికి లూద్వీనాకి కోపం రెట్టింపయింది. ఈసారి పడదు.

"ఆదివారం టీవీకి ఇచ్చేశాను," అన్నాడు. "ఇది నా సినిమా. క్షమించండి."

తలుపు ఎంత గట్టిగా వేసిందంటే కింద బేకరీలోంచి ఎవరో పైకి తొంగి చూశారు.

ఇంటికొచ్చి నాన్నకి అంతా చెప్పింది. ఆ చివరి మాట ఒక్కటి తప్ప. అమ్మ పొయ్యి రేకు మీద బంగాళాదుంప రొట్టెలు తిప్పుతూ వింటోంది.

"అసలుది ఉంది నాన్నా. ముసలమ్మ అంత స్పష్టంగా ఎప్పుడూ వినలేదు. కానీ మీ తిట్లన్నీ దాని మీదే ఉన్నాయి. విడదీయడం కుదరదట. ఉంటే రెండూ ఉండాలి, పోతే రెండూ పోవాలి."

క్లీమెక్ గడ్డం గోక్కున్నాడు. "ఎన్ని ఉన్నాయేం?"

"చాలా."

"ఫాదర్ వింటాడే," అంది గెనోవెఫా.

"ఫాదర్ ప్రతి ఈస్టరుకీ నా పాపాలు వింటూనే ఉన్నాడు, కొత్తవేం లేవు." హాల్లోంచి లేచి వచ్చాక ఆయన గొంతు పెరగడం అదే మొదలు. అమ్మ రొట్టె తిప్పడం ఆపేసి సంతోషంగా చూసింది. "పెట్టమను. తిట్లతో సహా. నేను అరవని రోజు నా గొర్రెలు నన్ను గుర్తుపట్టవు, ఇక జనమేం గుర్తుపడతారు?"

"వాడు పెట్టనంటున్నాడు కదా నాన్నా!"

ఇంక ఆమె కోపానికి వెళ్ళడానికి ఒకే చోటు మిగిలింది. వాగు దాటి వావ్‌జెక్ ఇంటికి. బతిమాలడానికి కాదు. ఊరంతా ఆ పేరు తిరగడానికి మొదట నోరు తెరిచింది ఆయనే కదా, ఆ నోటికి నాలుగు పెట్టడానికి. వావ్‌జెక్ వాకిట్లో కట్టెలు కొడుతున్నాడు. కుక్క మొరిగింది. ఆయన గొడ్డలి దుంగలో దింపి నించున్నాడు.

"రా, అరువు..." అని ఆపేశాడు ఆమె మొహం చూసి.

"అనండి మావా, ఆపారేం? మా నాన్న మీ గంటలు తీశాడా? మీ కళ్ళతో చూశారా?"

"ఎవడన్నాడే తీశాడని? నాకు తెలియదా? క్లీమెక్ నా గంటలు ముట్టుకుంటే చెయ్యి కాలుతుందనుకునే రకం. నేను లేచింది కోపంతోనే!" వావ్‌జెక్ ముక్కు ఎర్రబడింది. "ఆ కళ్ళజోడోడు నా దగ్గరకొచ్చి, గంటల మోత మ్యూజియంకి కావాలన్నాడు. సరే, మంచిదే కదా అని మందని నించోబెట్టాను. వాటిని మీ నాన్న బక్క గొర్రెల మెడలో కట్టమన్నానా? ఆ కుంటి నడకల మీద నా గంటలా? మా అయ్య చచ్చేదాకా సరిచూసిన గంటలవి! పరువు మీదొక్కరిదే పోయిందనుకున్నావా?"

లూద్వీనా ఫోన్ బయటికి తీసింది. "అయితే ఆ మాట మీరు ఆయనకి చెప్పారా?"

"ఫోన్ నంబరు తెలిస్తే చెప్పనా?"

ఆమె అక్కడే, కట్టెల కుప్ప మీద ఫోన్ పెట్టి, స్పీకరు నొక్కి, ఒక్తావియన్‌కి కలిపింది.

"ఒరే అబ్బాయ్, వావ్‌జెక్‌ని," అని మొదలుపెట్టాడాయన, ఫోన్ అక్కర్లేకుండానే వార్సాకి వినపడేలా. "నా గంటలు నా గొర్రెలవి. క్లీమెక్ గొర్రెల మీద నాకు ఒక్క మోత వినపడితే మా బావమరిది లాయరు, పెద్దకోర్టు దాకా లాగుతాను! నేను ఒప్పుకోలేదు. ఒప్పుకోను!"

అవతల ఒక్తావియన్ గొంతు సన్నబడింది. "అయితే... అసలు సౌండ్ పెడతాను. తిట్ల దగ్గర మాత్రం ఒక్కొక్క బీప్..."

"బీపేంటి?"

"కూత మావా," అంది లూద్వీనా. "తిట్టు వచ్చినప్పుడల్లా దాని మీద కీమని కూత వేస్తారు. కింద గంట కూడా పోతుంది."

"కీమని కూసే గొర్రె క్లీమెక్ మందలో లేదు, నా మందలోనూ లేదు! ఇంకో ఊరి గొర్రెల్ని తెస్తున్నావేంరా?" వావ్‌జెక్ లూద్వీనాకి కన్ను కొట్టాడు. "తిట్లు ఉండాలి. ఒక్కటి తగ్గినా నేను కోర్టుకే. నాక్కూడా వినాలనుంది."

"ఇంకో మాట," అంది లూద్వీనా ఫోన్ వైపు వంగి. "టీవీ కంటే ముందు మా హాల్లో వెయ్యాలి. మీరే తెచ్చి వెయ్యాలి. పరువు ఎక్కడ పోయిందో అక్కడే దొరకాలి."

శనివారం హాలు కిటకిటలాడింది. మొదటిసారి రానివాళ్ళు కూడా వచ్చారు. తిట్ల సంగతి ఎలా పొక్కిందో గానీ పక్కూళ్ళ నుంచి కూడా దిగారు. ఫాదర్ ముందు వరసలో చేతులు కట్టుకుని కూర్చున్నాడు. క్లీమెక్ మెడ బిగుసుకుపోయి ఉంది, టోపీ మోకాలి మీద.

మలుపు తిరిగే గొర్రెలు వచ్చాయి. కొండంత నిబ్బరం గొంతు లేదు, తీసేశారు. గడ్డిలో కాళ్ళు. ఆ తర్వాత, డొక్.

వెనక బెంచీ నుంచి ఎవరూ ఏమీ అనలేదు. డొక్. డొక్. వావ్‌జెక్ తల ఒక పక్కకి వంచాడు. "అదీ," అన్నాడు, పళ్ళ మధ్య నుంచి, ఎవరో బలవంతంగా అనిపించినట్టు. "అది వాడిదే."

ఆ వెంటనే డ్రోన్, గంటలు చెదరడం, పిడుగు, కలరా, కుక్కనెత్తురు, వార్సా మీద కొండ. హాలు దద్దరిల్లిపోయింది. ఆడవాళ్ళు చేతి రుమాళ్ళు నోట్లో కుక్కుకున్నారు. ఒక తాత కుర్చీ చెయ్యి కొడుతూ, "చదివించినోడి చేతులు! విన్నారా, చదివించినోడి చేతులట!" అంటూ పక్కవాళ్ళకి మళ్ళీ చెబుతున్నాడు. ఫాదర్ భుజాలు కదులుతున్నాయి. క్లీమెక్ లేచి తెర వైపు వేలు చూపించి, "ఆ మాట నేననలేదు!" అని అరిచాడు.

"అన్నావు!" అంది హాలంతా ఒకే గొంతుతో.

అప్పుడు ఆ నెమ్మది మాట వచ్చింది. మా పిల్ల చెప్పిందనిరా. మీరు దానికి మనుషుల్లా కనపడ్డారురా.

నవ్వు ఆగిపోయింది. తలలన్నీ లూద్వీనా వైపు తిరిగాయి. క్లీమెక్ మాత్రం తిరగలేదు, నిలబడ్డవాడు నిలబడ్డట్టే ఉండి, టోపీ అంచు నలుపుతున్నాడు. లూద్వీనాకి చెవులు మండాయి. ఇన్నాళ్ళూ ఒక్తావియన్‌తో ఆమె ఎంత కోపంలోనైనా 'మీరు' అనే మాట్లాడింది. పట్నంలో చదువుకున్న మర్యాద. బస్సులో తాగుబోతులతో కూడా అదే మర్యాద. నాన్న అరుపులకి చిన్నప్పుడు స్నేహితుల ముందు సిగ్గుపడి నేర్చుకున్న మర్యాద.

లైట్లు వెలిగాయి. ఒక్తావియన్ చెంపలు తడిగా ఉన్నాయి. ఫోన్ పైకెత్తి జనాన్ని షూట్ చేస్తూ, మధ్య దారిలోంచి క్లీమెక్ దగ్గరికి వచ్చేస్తున్నాడు.

"బాత్సా! మీరు నాకు కళ్ళు తెరిపించారు. ఇదే, ఇదే అసలు సినిమా! ఒక్కసారి, దయచేసి, ఆ కలరా తిట్టు మళ్ళీ ఒక్కసారి, ఇటు తిరిగి, కెమెరా వైపు చూసి... టోపీ పెట్టుకుని..."

క్లీమెక్ ఛాతీ నిండా గాలి పీల్చాడు.

కానీ ఆయనకంటే ముందే వచ్చేసింది.

"నీ నెత్తిన పిడుగు పడ!" లూద్వీనా బెంచీ మీద ఎక్కి నించుంది, ఎప్పుడెక్కిందో తనకే తెలియదు. "దించరా దాన్ని! నిన్నూ నీ ఫోన్‌నీ కలిపి కలరా ఎత్తుకుపోనూ! మా నాన్న కోపం నీకు మళ్ళీ మళ్ళీ పోసివ్వడానికి పాలనుకున్నావురా? కుక్కనెత్తురోడా, నీకు మనుషుల్ని చూడటం వచ్చేదాకా నీ కళ్ళజోడు మసకబారా!"

పైకప్పు రేకులు మోగాయి. అవతలి కొండ మీద కుక్కలు కూడా లేచి నించుని ఉంటాయి. ఒక్తావియన్ ఫోన్ దించాడు. గెనోవెఫా తలగుడ్డ కొసతో నోరు మూసుకుంది. క్లీమెక్ పీల్చిన గాలిని మెల్లగా వదిలి, కూతురి వైపు తిరిగి, టోపీ తల మీద పెట్టుకున్నాడు.

నడుమ వరసలోంచి వావ్‌జెక్ గొంతు వినపడింది, తల ఒక పక్కకి వంచి, కళ్ళు మూసుకుని విన్నవాడి గొంతు.

"ఇది మాత్రం," అన్నాడు, "అరువుది కాదు."